ఎండలు ముదరకముందే: పెంపుడు ఇగ్వానాకు నీళ్లు, స్నానం విషయంలో జాగ్రత్తలు

నా మొదటి ఇగ్వానా (ఆకులు తినే పెద్ద బల్లి) దగ్గర నీళ్ల గిన్నె ఏనాడూ ఖాళీగా లేదు. రోజూ కడిగి మంచినీళ్లు నింపేవాణ్ణి. అయినా ఏడో ఏట అది కిడ్నీలు చెడిపోయి చనిపోయింది. చివరి వారాల్లో దాన్ని పరీక్షించిన పశువైద్యురాలు నన్ను ఒకే ఒక ప్రశ్న అడిగారు: "ఇది నీళ్లు తాగుతుండగా మీరు ఆఖరుసారి ఎప్పుడు చూశారు?" ఎంత ఆలోచించినా ఒక్క సందర్భమూ గుర్తుకు రాలేదు. గిన్నెలో నీళ్లు తగ్గుతున్నాయి కాబట్టి తాగుతోందనే అనుకున్నాను. పైన వేలాడే వేడి బల్బు ఆ నీటిని ఆవిరి చేస్తోందన్న సంగతి నాకు తట్టలేదు.

అందుకే ఇది ఎండలు ముదరకముందే రాస్తున్నాను. వేసవి నెత్తిమీదికి వచ్చాక చేసే హడావిడి ఇగ్వానాకు పెద్దగా ఉపయోగపడదు. రెండు మూడు వారాల ముందే దాని ఒంట్లో నీరు నిలిచేలా చూసుకోవాలి. చలికాలంలో హీటరు వేసే ఇళ్లకూ, ఏడాది పొడవునా ఏసీ నడిచే గదులకూ ఇవే జాగ్రత్తలు వర్తిస్తాయి. అక్కడి గాలి కూడా పొడిగానే ఉంటుంది.

పచ్చ ఇగ్వానా మధ్య, దక్షిణ అమెరికాల తేమ అడవుల్లో పుట్టిన జంతువు. ఏటి ఒడ్డున చెట్ల కొమ్మల మీద బతుకుతుంది. శత్రువు కనబడితే కొమ్మ మీది నుంచి నేరుగా నీటిలోకి దూకుతుంది. తోకతో కలిపి ఒకటిన్నర నుంచి రెండు మీటర్ల దాకా పెరిగే ఈ బల్లి, తనకు కావలసిన నీటిలో చాలా భాగం తినే ఆకుల నుంచి, ఆకుల మీద నిలిచిన చుక్కల నుంచి తీసుకుంటుంది. మూలన పెట్టిన గిన్నెలో కదలకుండా ఉన్న నీటి దగ్గరకు వెళ్లి తాగడం చాలా ఇగ్వానాలకు అలవాటు లేని పని.

నీరు తక్కువైనప్పుడు మన కిడ్నీలు మూత్రాన్ని బాగా చిక్కబరచి నీటిని మిగుల్చుకుంటాయి. బల్లుల కిడ్నీలకు ఆ శక్తి లేదు. అవి రక్తం కంటే చిక్కని మూత్రాన్ని తయారు చేయలేవు. దానికి బదులు వ్యర్థాన్ని యూరిక్ ఆమ్లంగా మార్చి బయటికి పంపుతాయి. మలంతో పాటు కనిపించే తెల్లని ముద్ద అదే. ఒంట్లో నీరు చాలినంత లేకపోతే ఆ యూరిక్ ఆమ్లం రక్తంలో పేరుకుంటుంది. స్ఫటికాలుగా మారి కీళ్లలో, కిడ్నీలలో, గుండె చుట్టూ ఉండే పొరలో చేరుతుంది. దీన్నే గౌట్ అంటారు. బోనుల్లో పెరిగే పెద్ద ఇగ్వానాలను ఎక్కువగా పొట్టన పెట్టుకునే జబ్బుల్లో కిడ్నీ జబ్బు ఒకటి. ఏళ్ల తరబడి కొద్దికొద్దిగా జరిగిన నష్టం చివరి నెలలో ఒక్కసారిగా బయటపడుతుంది. అప్పటిదాకా జంతువు తింటూ, ఎక్కుతూ, మామూలుగానే కనబడుతుంది. నన్ను ఇప్పటికీ బాధపెట్టేది ఆ విషయమే.

బలం వస్తుందని గుడ్డు, మాంసం, కుక్కల ఆహారం పెట్టేవారు ఇప్పటికీ ఉన్నారు. దయచేసి మానేయండి. ఇగ్వానా పూర్తిగా ఆకులు తినే జంతువు. మాంసకృత్తులు ఎక్కువైతే యూరిక్ ఆమ్లం ఎక్కువవుతుంది, నీటి అవసరమూ పెరుగుతుంది. పొడి నెలల్లో ఆ భారం నేరుగా కిడ్నీల మీద పడుతుంది.

ముందు చూడవలసింది తెల్లని ముద్ద

రోజూ మలం ఎత్తేటప్పుడు ఆ తెల్లని భాగాన్ని గమనించడం అలవాటు చేసుకోండి. మెత్తగా, తెల్లగా, చుట్టూ కాస్త నీటితో ఉంటే మంచిదే. పసుపు రంగుకు తిరిగినా, సుద్దముక్కలా గట్టిపడినా, వేళ్ల మధ్య ఇసుకలా గరగరలాడినా (చేతికి గ్లౌజు ఉండాలి) నీరు తక్కువైందని అర్థం. చర్మం కంటే, కళ్ల కంటే ముందుగా కబురు చెప్పేది ఇదే. పక్కల చర్మాన్ని మెల్లగా పట్టి వదిలితే మడత వెంటనే పోవాలి. అయితే మెడ దగ్గర, పక్కల చర్మం మామూలుగానే వదులుగా ఉంటుంది కాబట్టి ఈ ఒక్క పరీక్షనే నమ్ముకోకండి. కళ్లు లోతుకు పోవడం, నోరు తెరిచినప్పుడు లాలాజలం తీగలా సాగడం, మలబద్ధకం, మందకొడితనం అన్నీ ఆలస్యంగా కనబడే గుర్తులు. అవి కనబడ్డాయంటే ఇంటి వైద్యంతో కాలయాపన చేయకూడదు.

తుమ్మినప్పుడు అద్దం మీద తెల్లగా ఉప్పు పేరుకుంటే కంగారు అక్కర్లేదు. ఇగ్వానా ముక్కులో ఉప్పును బయటికి పంపే గ్రంథులు ఉంటాయి. జలుబు అనుకుని మందులు వేసిన వాళ్లను చూశాను. ముక్కు నుంచి చిక్కని చీమిడి కారుతుంటే, బుడగలు వస్తుంటే, నోటితో శ్వాస తీస్తుంటే అది వేరే సంగతి, వెంటనే వైద్యుడికి చూపించాలి.

వారానికి ఒకసారి, ఒకే వేళకు తూకం వేసి పుస్తకంలో రాసుకోండి. వేసవి రాకముందే నాలుగైదు తూకాలు రాసి ఉంటే, ఆ తర్వాత బరువు పడిపోవడం మొదలవగానే తెలుస్తుంది. వయసు మళ్లిన ఇగ్వానాకు ఈ రోజుల్లోనే ఒకసారి రక్తపరీక్ష చేయించడం కూడా మంచిది. యూరిక్ ఆమ్లంతో పాటు ఫాస్ఫరస్, కాల్షియం ఎలా ఉన్నాయో చూడమని అడగండి.

ఆకుల నుంచి, గాలి నుంచి

ఆకులను కడిగాక ఆరబెట్టకండి. నీళ్లు ఓడుతుండగానే పళ్లెంలో పెట్టండి. ఇది చాలా చిన్న పని, కానీ రోజూ జరిగే పని కాబట్టి వారానికి రెండుసార్లు చేయించే స్నానం కంటే దీని ఫలితమే పెద్దది. తిన్న ప్రతి ముద్దతోనూ నీరు లోపలికి పోతుంది. పాలకూరలో ఉండే ఆక్సలేట్లు అనే పదార్థాలు కాల్షియాన్ని ఒంటికి పట్టనివ్వకుండా పట్టేసుకుంటాయి కాబట్టి రోజూ అదే పెట్టకూడదు. తడి ఆకులు వేడికి త్వరగా చెడతాయి. సాయంత్రానికి మిగిలినవి తీసేయండి.

బోనులో తేమ 60 నుంచి 80 శాతం మధ్య ఉండాలి. కంటి అంచనా పనికిరాదు, తేమ కొలిచే మీటరు పెట్టండి. బల్బు కింద ఒకటి, నీడ పట్టున ఇంకొకటి పెడితే తేడా ఎంతుందో మీకే తెలుస్తుంది. ఉదయం, సాయంత్రం ఆకుల మీద, కొమ్మల మీద నీళ్లు చిలకరించండి. ఆ చుక్కలను నాకుతూ నా ఇప్పటి ఇగ్వానా తాగే నీరు గిన్నెలోంచి తాగేదానికంటే ఎక్కువ. కాలుతున్న బల్బు మీద మాత్రం చుక్క పడనివ్వకండి, పగిలిపోతుంది. వైర్లు, సాకెట్లు నీళ్లు చేరని చోట ఉండాలి. తేమ కోసం గాలి రాకుండా బోను మొత్తం మూసేయడం ఇంకో పొరపాటు. బూజు పడుతుంది, పొట్ట కింది చర్మం మీద పొక్కులు లేస్తాయి. రెండు చిలకరింపుల మధ్య నేల ఆరాలి.

వేడి కూడా నీటి లెక్కలోదే. బల్బు కింద ఒళ్లు వెచ్చబెట్టుకునే చోట 32 నుంచి 35 డిగ్రీలు, చల్లని మూల 26 నుంచి 28 డిగ్రీలు ఉంటే తిన్నది అరుగుతుంది, కిడ్నీలు పనిచేస్తాయి. వేసవిలో గదే వేడెక్కిపోతుంది కాబట్టి చలికాలంలో పెట్టిన బల్బులను అలాగే వదిలేయకండి, కొలిచి తగ్గించండి. చల్లని మూల అంటూ లేకపోతే పారిపోవడానికి దానికి దిక్కు ఉండదు. గాజు బోనును ఎండలో పెట్టడం ఎట్టి పరిస్థితుల్లోనూ వద్దు. కొద్ది నిమిషాల్లోనే అది పొయ్యి అవుతుంది. వడ తగిలి నోరు తెరుచుకుని గిలగిలలాడుతున్న ఇగ్వానాను ఐసు నీళ్లలో ముంచకండి. నీడకు చేర్చి, ఏ మాత్రం చలువ లేని మామూలు నీటితో ఒళ్లు తడుపుతూ వైద్యుడి దగ్గరకు తీసుకెళ్లండి.

స్నానం

స్నానం చేయిస్తే చర్మం నీటిని పీల్చుకుంటుందని చాలామంది నమ్ముతారు. పొలుసుల చర్మం ఉన్నదే నీటిని ఆపడానికి. లోపలి నీరు బయటికి, బయటి నీరు లోపలికి పోకుండా అది కాపలా కాస్తుంది. తొట్టిలో ఇగ్వానాకు జరిగే మేలు ఏమిటంటే, నీళ్లు మూతి దగ్గరే ఉండటం వల్ల అది తలవంచి తాగుతుంది. కాబట్టి తడిసిందా అని కాదు, తాగిందా అని చూడండి. తాగేటప్పుడు గొంతు కింద చర్మం పైకీ కిందికీ కదులుతుంది. ఆ కదలికను ఒకసారి గుర్తుపట్టారంటే ఇక మరిచిపోరు.

నీళ్లు 29 నుంచి 32 డిగ్రీల మధ్య ఉండాలి. చేతికి గోరువెచ్చగా తగిలితే చాలనుకోకండి, థర్మామీటరు ముంచి చూడండి. లోతు దాని భుజాల దాకా, నాలుగు కాళ్ల మీద నిలబడితే తల తేలిగ్గా పైన ఉండేంత. పట్టు దొరకడానికి అడుగున ఒక తువ్వాలు పరవండి. పదిహేను, ఇరవై నిమిషాలు చాలు. వారానికి రెండు మూడుసార్లు, ఎండలు బాగా ముదిరిన రోజుల్లో అది ఇష్టపడితే రోజూ.

ఆ ఇరవై నిమిషాలూ మీరు అక్కడే ఉండాలి. ఫోను మోగినా సరే. నీరు మెల్లగా చల్లారుతుంది, గాలి కంటే ఎన్నో రెట్లు వేగంగా ఒంటి వేడిని లాగేస్తుంది. ఒళ్లు చల్లబడ్డ ఇగ్వానాకు కండరాలు మాట వినవు. 2020 జనవరిలో ఫ్లోరిడాలో చలి పెరిగినప్పుడు, ఇగ్వానాలు చెట్ల మీది నుంచి పడవచ్చని మయామీ వాతావరణ కార్యాలయం జనాన్ని హెచ్చరించింది. అవి చచ్చి పడేవి కావు, కొయ్యబారి కొమ్మ మీద పట్టు తప్పేవి. అదే పట్టు తొట్టిలో తప్పితే మునిగిపోతుంది. మధ్యలో వేడినీళ్లు కలపాలంటే ముందు జంతువును బయటికి తీసి, కలిపి, మళ్లీ కొలిచి లోపల పెట్టండి.

ఈత వచ్చు కదా అని బలవంతంగా ఉంచకండి. 1835లో గాలపాగోస్ దీవుల్లో డార్విన్ ఒక సముద్రపు ఇగ్వానాను పదే పదే నీటి మడుగులోకి విసిరితే, అది ప్రతిసారీ ఈదుకుంటూ ఆయన నిలబడ్డ చోటికే తిరిగి వచ్చింది. సముద్రంలో మేత మేసే జాతే అలా ఒడ్డుకు రావాలనుకుంటే, మన తొట్టిలోది గోడలు గీకుతూ ఎక్కడానికి పెనుగులాడటంలో వింత లేదు. అయిదు నిమిషాలకే బయటికి రావాలంటే రానివ్వండి. భయపడ్డ జంతువు ఎలాగూ తాగదు. నీళ్లంటే భయపడేదానికి మొదట లోతులేని పళ్లెంలో కాళ్లు మాత్రమే తడిపి, పై నుంచి చేత్తో చుక్కలు జార్చండి. జతకట్టే కాలంలో మగవి నారింజ రంగుకు తిరిగి, తిండి తగ్గించి, కోపంగా ఉంటాయి. ఆ రోజుల్లో స్నానం కోసం చేయి పెట్టడం కన్నా చిలకరింపు పెంచడం మేలు. ఎప్పుడు ఎత్తినా ఛాతీ కింద ఒక చేయి, తుంటి కింద ఒక చేయి ఉండాలి. తోక పట్టుకుంటే అది తెగి చేతిలోకి రావచ్చు.

గోరువెచ్చని నీళ్లు తగలగానే చాలా ఇగ్వానాలు మలవిసర్జన చేస్తాయి. ఆ మురికి నీరు తాగకముందే ఇగ్వానాను బయటికి తీసి, తొట్టి కడిగి, కొత్త నీళ్లు పోయండి. సబ్బు, షాంపూ ఏవీ వద్దు.

కుబుసం విడిచే రోజుల్లో వేలి చివర్లు, తోక కొస, వీపు మీది ముళ్లు చూడండి. పాత చర్మం ఉంగరంలా బిగుసుకుంటే నెత్తురు ఆడక వేళ్లు నల్లబడి రాలిపోతాయి. నానిన తర్వాత మెత్తని బ్రష్షుతో రుద్దండి. రానిదాన్ని లాగకుండా రేపటికి వదిలేయండి.

స్నానం అవగానే తువ్వాలుతో అద్ది, వెచ్చని బల్బు కిందకు చేర్చండి. రాత్రి పూట స్నానం వద్దు, ఆరడానికి వేడి దొరకదు. తొట్టి ఇగ్వానాకు ప్రత్యేకంగా ఉండాలి. వంటింటి సింకులో చేయించడం మాత్రం అసలు కూడదు. ఆరోగ్యంగా ఉన్న బల్లి కూడా మనుషులకు విరేచనాలు, జ్వరం తెప్పించే సాల్మొనెల్లా బాక్టీరియాను మోస్తుండవచ్చు. తొట్టిని క్రిమిసంహారక మందుతో కడిగి, సబ్బుతో చేతులు కడుక్కోండి. అయిదేళ్ల లోపు పిల్లలను, గర్భిణులను, వృద్ధులను, రోగనిరోధక శక్తి తగ్గినవారిని ఆ నీటికి దూరంగా ఉంచండి.

ఆడ ఇగ్వానా ఉన్నవారికి ఒక మాట. మగది లేకపోయినా అది గుడ్లు పెట్టగలదు. ఒంట్లో నీరు, కాల్షియం తక్కువైతే గుడ్లు లోపలే ఇరుక్కుంటాయి. కడుపు ఉబ్బి, నేల తవ్వుతూ, తినడం మానేస్తే తడి ఇసుక నింపిన పెట్టె ఇవ్వండి. డీలా పడితే ఆగకుండా వైద్యుడికి చూపించండి.

తెగూ వంటి ఇతర పెద్ద బల్లులు పెంచేవారు ఈ కొలతలను యథాతథంగా తీసుకోకండి. తెగూకు తొట్టి స్నానం కన్నా లోతైన తేమ మట్టి ముఖ్యం. గడ్డి మైదానాల్లో ఉండే ఆఫ్రికా జాతి ఉడుములు కూడా ఎండ వేళ తేమ బొరియల్లోనే గడుపుతాయి.

ఇన్ని చేసినా కళ్లు గుంటలు పడి, తల ఎత్తకుండా ఉంటే నోట్లో నీళ్లు పోయకండి. బల్లులకు శ్వాసనాళం తెరుచుకునే చోటు నాలుక మొదట్లోనే ఉంటుంది, పోసిన నీరు ఊపిరితిత్తుల్లోకి పోతుంది. బలవంతంగా తినిపించవద్దు, స్నానమూ చేయించవద్దు. వైద్యుడు వెచ్చబెట్టిన ద్రవాన్ని చర్మం కింద గానీ, పొట్టలోకి గానీ ఎక్కిస్తారు. గాలి ఆడే పెట్టెలో మెత్తని గుడ్డ పరిచి, చలి తగలకుండా తీసుకెళ్లండి. వెంట తూకాల పుస్తకం, చివరిసారి పడ్డ తెల్లని ముద్ద ఫొటో ఉంచుకోండి. సరీసృపాలకు వైద్యం చేసే డాక్టరు దగ్గరలో ఎవరున్నారో, సెలవు రోజుల్లో ఎవరు దొరుకుతారో ఈ వారమే కనుక్కుని, ఆ నంబరును బోను తలుపు మీద రాసి అతికించండి.