అమెరికా నవలలో కోర్టు వస్తే: నవలనూ తీర్పునూ జోడించి చదివే పద్ధతి

అమెరికా నవలల్లో మన పాఠకులకు ఇంగ్లీషు కన్నా కోర్టే ఎక్కువ అడ్డం పడుతుంది. నెల్లూరు, ఒంగోలు కోర్టులు బాగా ఎరిగినవాళ్లకు ఈ చిక్కు ఇంకా ఎక్కువ, తెలిసిన మాటే అక్కడ వేరే అర్థంతో ఎదురవుతుంది. 'సొలిసిటర్' అన్న మాట, మనం మొదట చదవబోయే మాకింగ్‌బర్డ్ నవలలో కనిపిస్తే అది ప్రభుత్వం తరఫున వాదించే వకీలు, మన లెక్కలో పీపీ. న్యూయార్కులో 'సుప్రీం కోర్టు' అంటే కేసు మొదట విచారించే కోర్టు. ఇలాంటి మాటల కోసం నోటుపుస్తకం చివర రెండు పేజీలు వదిలిపెట్టుకోండి.

మొదటి పుస్తకంగా 1960లో వచ్చిన హార్పర్ లీ నవల 'టు కిల్ ఎ మాకింగ్‌బర్డ్' తీసుకోండి. అలబామాలో తెల్లజాతి అమ్మాయిని చెరిచాడన్న ఆరోపణ మీద ఒక నల్లజాతి మనిషికి జరిగే విచారణే ఇందులో కీలకం. మొత్తం 31 అధ్యాయాలు. మొదటిసారి చట్టం జోలికే పోకుండా గమ్మున చదివేయండి. తీర్పులు ముందే చదివితే నవలలోని మనుషులు వట్టి సాక్షులుగా కనబడతారు, అది పెద్ద నష్టం. రెండోసారికి 17 నుంచి 23 దాకా చాలు. 21తో విచారణ ముగుస్తుంది, 23లో జ్యూరీ గురించి, ముద్దాయి తరఫు వకీలైన తండ్రికీ అతని పిల్లలకూ మధ్య మాటలుంటాయి. పేజీ నడిమధ్య గీత కొట్టి ఎడమవైపు కోర్టులో జరిగింది, కుడివైపు ఆ ఏడాది చట్టం రాయండి.

ఆ ఏడాది చట్టం అన్నది మరీ ముఖ్యం. మన ప్రాంతం సంగతే చూడండి. కారంచేడు హత్యలు జరిగింది 1985 జులైలో. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం వచ్చింది 1989లో. కారంచేడు మీద రాసిన కథలో పోలీసులు అప్పుడే ఆ చట్టం కింద కేసు కట్టినట్టు ఉంటే ఇక్కడి పాఠకుడు వెంటనే పట్టేస్తాడు. అమెరికా నవలనూ అంత నిక్కచ్చిగా చదవాలి. విచారణ నడిచేది 1935లో, పుస్తకం వచ్చింది 1960లో. రెండు ఏళ్లూ పేజీ పైన రాసిపెట్టుకోండి. 23వ అధ్యాయంలో ఆడవాళ్లు జ్యూరీలో కూర్చోకూడదన్న మాట వస్తుంది. అలబామాలో ఆ నిషేధాన్ని కోర్టు కొట్టేసింది 1966లో. అంటే నవల అచ్చయిన నాటికీ అది అమల్లోనే ఉంది.

జ్యూరీ దగ్గర ఎక్కువసేపు ఆగండి. మన సెషన్సు కోర్టులో జడ్జి ఒక్కరే తేలుస్తారు, కారణాలు పేజీల కొద్దీ రాస్తారు. అక్కడ పన్నెండుమంది గదిలోకి వెళ్లి, తిరిగొచ్చి, దోషి అవునో కాదో చెబుతారు. కారణం చెప్పరు. అందుకే పై కోర్టులో నేరం చేశాడా లేదా అన్నదాని కన్నా, జ్యూరీని ఎలా ఎంచారు, వకీలును ఎప్పుడిచ్చారు అన్నవాటి చుట్టూనే వాదన తిరుగుతుంది. ఇది తెలియక తీర్పు పట్టుకున్నవాళ్లకు, అసలు సంగతి మాట్లాడరేమిటని విసుగు పుడుతుంది.

ఇప్పుడు స్కాట్స్‌బరో కేసు తెరవండి. 1931 మార్చి 25న అలబామాలో, రైల్లో వెళ్తున్న తొమ్మిదిమంది నల్లజాతి కుర్రాళ్లు ఇద్దరు తెల్లజాతి ఆడవాళ్లను చెరిచారని ఆరోపణ వచ్చింది. ఏప్రిల్ 6న విచారణ మొదలైంది, కొద్ది రోజుల్లోనే ఎనిమిదిమందికి మరణశిక్ష పడింది. వకీళ్లందరినీ కలిపి నియమించానన్నాడు జడ్జి, పేరు పెట్టి ఒక్కరికీ అప్పగించలేదు. 1932లో అమెరికా సుప్రీం కోర్టు ఇచ్చిన పవెల్ వర్సెస్ అలబామా తీర్పు ఆ శిక్షల్ని రద్దు చేసింది ఇందుకే. అదే కేసులో 1935 నాటి నారిస్ వర్సెస్ అలబామా తీర్పు జ్యూరీ జాబితా గురించి. పవెల్, నారిస్ ఆ కుర్రాళ్లలో ఇద్దరు. నల్లవాళ్ల పేర్లు తర్వాత ఇరికించారని చేతిరాత నిపుణుడు సాక్ష్యం చెప్పాడు. జాబితా పుస్తకాన్ని సుప్రీం కోర్టు న్యాయమూర్తులు భూతద్దం పెట్టి చూశారు. ఈ తీర్పు చిన్నది, ముందు దీన్నే చదవండి. నవల ఈ కేసుకు నకలు మాత్రం కాదు. పాత్రలకూ ముద్దాయిలకూ జతలు కలిపే పని పెట్టుకోవద్దు.

తీర్పు వెతకడానికి పవెల్ గుర్తు '287 యూ.ఎస్. 45', నారిస్‌ది '294 యూ.ఎస్. 587'. ముందు అంకె సంపుటం, చివరిది పేజీ. మన 'ఏఐఆర్ 1950 ఎస్సీ 27' (ఆల్ ఇండియా రిపోర్టర్, సుప్రీం కోర్టు) లాంటి గుర్తులో ఏడాది ఉంటుంది, ఇక్కడ ఉండదు. 287ను కేసు నంబరనుకుని వెతికితే దొరకదు. లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ వెబ్‌సైట్లో ఈ సంపుటాలు ఉచితం. జిరాక్స్ షాపులో ప్రింటు తీయించి పెన్సిలుతో చదవండి. మొదట కనిపించే 'సిలబస్' కోర్టు మాట కాదు, తీర్పులు అచ్చువేయించే కోర్టు ఉద్యోగి (రిపోర్టరు) రాసిన సారాంశం, దాన్ని తీర్పుగా ఎత్తి రాయకూడదు. చివర్లో 'డిసెంట్' అని ఉంటే అది ఒప్పుకోని న్యాయమూర్తి మాట. పవెల్‌లో బట్లర్‌ది అలాంటిదే. ఈ రెంటినీ కోర్టు తీర్పుతో కలగలిపేస్తే కోర్టు చెప్పనిది చెప్పినట్టవుతుంది.

రెండో పుస్తకం టోనీ మోరిసన్ 'బిలవ్డ్', 1987. దీనికి వరస తిప్పాలి, కాలం ముందుకూ వెనక్కూ దూకే నవల కాబట్టి చట్టం ముందు చదవాలి. పారిపోయిన బానిసల్ని పట్టి యజమానికి అప్పగించడానికి చేసిన 1850 నాటి ఫ్యుజిటివ్ స్లేవ్ చట్టంలో ఉన్నవి 10 సెక్షన్లే. ఆరోది చూడండి: పారిపోయి పట్టుబడిన మనిషి సాక్ష్యం చెల్లదు. ఎనిమిదోది చూడండి: ఆ మనిషిని యజమానికి అప్పగిస్తే, ఈ కేసు తేల్చే అధికారి అయిన కమిషనరుకు 10 డాలర్లు, వదిలేస్తే 5. కెంటకీ నుంచి నది దాటి, బానిసత్వం లేని ఒహాయోలో అడుగుపెట్టినా భయం ఎందుకు పోలేదో ఈ రెండు సెక్షన్లతో అర్థమవుతుంది. నవల వెనకున్న 1856 నాటి మార్గరెట్ గార్నర్ కేసును మాత్రం చివరి పేజీ అయ్యేదాకా తెరవకండి. కథ గుట్టంతా అందులోనే ఉంది.