పాత పచ్చికలో స్టైలో కలపాలంటే

స్టైలో పప్పుజాతి మేత మొక్క. దాని విత్తనం కొనేముందు బీడులో ఇప్పుడేముందో లెక్క తీయాలి. 50 సెంటీమీటర్ల చదరపు చట్రం ఒకటి తీసుకుని, బీడుకు అడ్డంగా నడుస్తూ, ముందే అనుకున్నన్ని అడుగులకొకసారి కింద పెట్టండి. కనీసం 50 చోట్ల చూడాలి. పచ్చగా ఉన్న చోటు ఏరి పెడితే ఆ లెక్క ఎందుకూ పనికిరాదు.

ప్రతిచోటా కోసి తూచక్కర్లేదు. ఎండు బరువులో మొదటి, రెండో, మూడో స్థానాలు ఏ మొక్కలవో కంటితో అంచనా వేసి రాసుకుంటే చాలు. 1963లో మనెట్యె, హేడాక్ ఇచ్చిన పద్ధతి ఇది. గుణకాలు వరసగా 70.2, 21.1, 8.7. ఒక గడ్డి 30 సార్లు మొదటిది, 15 సార్లు రెండోది, 5 సార్లు మూడోది అయిందనుకోండి. గుణించి, కూడి, 50తో భాగిస్తే 49 వస్తుంది. అంటే మేతలో దాదాపు సగం అదే. లేత ఆకులో నీరెక్కువ, ముదురు కాడలో తక్కువ. కొత్తవాళ్ల అంచనా తప్పేది ఇక్కడే. మొదటిరోజు నాలుగైదు చట్రాల గడ్డి కోసి, రకాలవారీగా ఏరి, ఆరబెట్టి, తూచి కన్ను సరిచూసుకోవాలి.

పప్పుజాతి మొక్కలు నామమాత్రంగా ఉంటే, వేడి ప్రాంతపు తేలిక నేలల్లో స్టైలో మంచి ఎంపిక. నీరు నిలిచే చోట వద్దు.

దీని గింజ పైతోలు నీటిని పీల్చదు. పొట్టు తీసిన గింజలను 80 డిగ్రీల నీళ్లలో నాలుగు నిమిషాలుంచి, వెంటనే చన్నీళ్లలో వేయండి. నీళ్లు మరిగిపోతుంటే మొలకే చస్తుంది, కాబట్టి థర్మామీటర్ తప్పనిసరి. తర్వాత 100 గింజలు తడి కాగితం మీద పరచి చూడండి. ఉబ్బకుండా గట్టిగానే ఉండిపోయినవి ఈ ఏడాదికి లెక్కలోకి రావు. రైజోబియం (వేళ్లలో చేరి గాలిలోని నత్రజనిని పట్టే బాక్టీరియా) పట్టించేది గింజ చల్లారాకే, నీడలోనే. అది పట్టించిన గింజను సూపర్ ఫాస్ఫేట్ ఎరువుతో కలిపి చల్లకండి, ఆ ఆమ్లానికి బాక్టీరియా చస్తుంది.

వానలకు ముందు గడ్డిని నేలకు 5 సెంటీమీటర్ల దాకా మేపేసి, పైపైన గీరాలి. హెక్టారుకు 10 కిలోలు ఇసుకతో కలిపి చల్లండి. సెంటీమీటరు కన్నా లోతుకు పోతే చిన్న గింజ పైకి రాలేదు. భాస్వరం భూసార పరీక్షను బట్టి వేయాలి. యూరియా వేశారా, గడ్డి ఎగబాకి మొలకల్ని నీడలో ముంచేస్తుంది. చల్లింది పోవడానికి అసలు కారణం ఎక్కువసార్లు ఆ నీడే. విత్తనం అమ్మినవాళ్లను తిట్టుకునేముందు గడ్డి ఎత్తు కొలవండి. మొలకల్ని కప్పేస్తుంటే పశువుల్ని కొద్ది రోజులు తోలి, తీసేయాలి. వానాకాలం మొదట్లో అవి గడ్డినే ఇష్టంగా తింటాయి. పూతకొచ్చాక మేపు ఆపితే గింజ రాలి వచ్చే ఏటికి మొలుస్తుంది.

ఎనిమిదో వారంలో కొన్ని మొక్కల్ని పారతో మట్టిగడ్డతో సహా తవ్వండి. పీకితే, బాక్టీరియా ఉండే వేరు బుడిపెలు మట్టిలోనే తెగిపోతాయి. వేళ్లు కడిగి, బుడిపెను గోటితో చీల్చి చూడండి. లోపల గులాబీ రంగుంటే నత్రజని పట్టుతోంది. తెల్లగానో ఆకుపచ్చగానో ఉంటే బాక్టీరియా పనిచేయడం లేదు.