తిరుపతి పిల్లలకు రేటింగ్ చెస్: మొదలెట్టేదెలా

తిరుపతిలోనో చిత్తూరులోనో మీ పాప కోచింగ్‌లో అందరినీ ఓడిస్తోందా? ముందు ఆల్ ఇండియా చెస్ ఫెడరేషన్‌లో నమోదు చేయించి ఫిడే (అంతర్జాతీయ చెస్ సమాఖ్య) ఐడీ తీసుకోండి. రేటింగ్ అంటే ఆట స్థాయిని చూపే అంకె. క్లాసికల్ (ఎక్కువ సమయమిచ్చే గేముల) రేటింగ్‌కి రేటింగున్నవాళ్లతో కనీసం 5 గేములు ఆడాలి, వాటితో లెక్కగట్టిన రేటింగ్ 1400కి తగ్గకూడదు. రేటింగ్ లేనివాళ్లపై గెలుపులు ఈ లెక్కలోకి రావు.

పిల్లలు చేజేతులా పాయింట్లు పోగొట్టుకునేది నిబంధనల దగ్గరే. మీ ఎత్తుతో అదే పొజిషన్ మూడోసారి రాబోతోంది, డ్రా కావాలి. అప్పుడు పావు ముట్టకూడదు. ఎత్తును స్కోర్‌షీట్‌పై రాసి, గడియారం ఆపి, ఆర్బిటర్‌ను (టోర్నీ రిఫరీని) పిలవాలి. పావు ముట్టుకుంటే ఆ ఎత్తుకి క్లెయిమ్ పోయినట్టే. ఎత్తుకు 30 సెకన్లు కలిసే గేముల్లో చివరిదాకా ఎత్తులు రాయాల్సిందే. ఇంట్లో కూడా రాస్తూనే ఆడించండి.

18 ఏళ్లలోపు, 2300 దాటేవరకు కె-ఫ్యాక్టర్ (ఒక్కో గేముకి రేటింగ్ ఎంత మారాలో తేల్చే అంకె) 40. సమాన రేటింగువాళ్లపై గెలిస్తే 20 పాయింట్లు వస్తాయి, ఓడితే అంతే పోతాయి. అందుకే పరీక్షల అలసటలో టోర్నీకి పంపొద్దు.

గ్రాండ్‌మాస్టర్ టైటిల్‌కి 2500 రేటింగ్‌తోపాటు మొత్తం 27 గేములకు తగ్గకుండా నార్మ్‌లు (టోర్నీల్లో టైటిల్ స్థాయి ప్రదర్శనలు) కావాలి. కోనేరు హంపి 2002లో, 15 ఏళ్లకే అది సాధించింది.