కొరియా పద్ధతిలో సెట్‌లోనే ఎడిటింగ్

కొరియాలో షూటింగ్ జరుగుతుండగానే ఆన్‌సెట్ ఎడిటర్ ల్యాప్‌టాప్‌లో షాట్లు అతికిస్తుంటారు. 'పారసైట్' (2019) ఎడిటర్ యాంగ్ జిన్‌మో ఈ పనిలోంచే పైకొచ్చారు.

ముందు స్టోరీబోర్డు (ప్రతి షాట్‌నూ ముందే గీసుకున్న) బొమ్మలను ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ టైమ్‌లైన్‌లో వరుసగా పరవండి. వీడియో అసిస్ట్ (కెమెరా చూసేదాన్ని సెట్‌లో మానిటర్‌పై చూపి, రికార్డు చేసే ఏర్పాటు) నుంచి వచ్చే ప్రతి టేక్‌నూ సీన్, కట్, టేక్ నంబర్లతో సేవ్ చేసి, ఆ బొమ్మ స్థానంలో పెట్టండి. బొమ్మ మిగిలిందంటే ఆ షాట్ ఇంకా తీయలేదన్నమాట. అతుకు దగ్గర ఆగి చూడండి: నటుడి చూపు ఎటు, గ్లాసు ఏ చేతిలో, వెలుగు ఏ వైపు నుంచి. తేడా ఉంటే లైట్లు విప్పకముందే సినిమాటోగ్రాఫర్‌కు చెప్పాలి. తర్వాత చెప్పి లాభం లేదు.

ఎక్కువగా దెబ్బతినేది ఫ్రేమ్ రేటు (సెకనుకు ఎన్ని ఫ్రేములు) దగ్గరే. కెమెరా 23.976లో, వీడియో అసిస్ట్‌లో రికార్డయ్యే ఫీడ్ 29.97లో ఉంటే కట్‌లు ఒరిజినల్ ఫుటేజీతో కలవవు. ప్రాజెక్టును కెమెరా రేటుకే పెట్టండి. ప్రతి టేక్‌లో క్లాప్ పడిన ఫ్రేమును తీసేయకుండా ఉంచండి.