పీఎఫ్ చలానా 15 దాకా ఆపకండి

భీమవరం వైపు రొయ్యల ప్లాంటైనా, మండపేట రైసుమిల్లయినా 20 మంది పనివాళ్లుంటే పీఎఫ్ కట్టాల్సిందే. బేసిక్, డీఏ కలిపి 15,000 అనుకోండి, అందులో 12 శాతం, అంటే 1,800 జీతంలోంచి పట్టుకుంటారు, యజమానిగా మీరు ఇంకో 1,800 వేస్తారు, మీ వాటాలో 1,250 పెన్షన్‌కి పోయి మిగతా 550 పీఎఫ్‌లో పడుతుంది. అడ్మిన్ ఛార్జీలు వేరే.

ఈపీఎఫ్ఓ పోర్టల్లో ఎంప్లాయర్ లాగిన్‌తో ఈసీఆర్ ఫైలు (ఆ నెల ఎవరి జీతమెంత, పీఎఫ్ ఎంత అనే లెక్క) ఎక్కించండి. యూఏఎన్‌లో, అంటే ఉద్యోగి పీఎఫ్ నంబరులో, ఒక్క అంకె తేడా ఉన్నా తిరగ్గొడుతుంది. అప్రూవ్ చేశాక టీఆర్ఆర్ఎన్ అనే రిఫరెన్స్ నంబరుతో చలానా వస్తుంది, నెట్ బ్యాంకింగ్‌లో కట్టేయడమే. గడువు తర్వాతి నెల 15. మేం ఓసారి సరిగ్గా ఆ సాయంత్రమే కూర్చున్నాం, గాలివానకి కరెంటు పోయింది, ఇక చూడండి టెన్షన్!

ఈఎస్ఐకీ (ఉద్యోగుల ఆరోగ్య బీమా) అదే తేదీ: 21,000 లోపు జీతాలకి ఉద్యోగి 0.75, మీరు 3.25 శాతం.