చెన్నైలో ఇంటి రుణం ఎగవేతకు చేరితే: బ్యాంకు నోటీసు అందాక చేయవలసినవి

వాయిదా 90 రోజులకు మించి బకాయిపడితే బ్యాంకు ఆ ఖాతాను నిరర్థక ఆస్తిగా, అంటే వసూలు కాని రుణంగా గుర్తించి, తాకట్టు ఆస్తిని కోర్టుకు వెళ్లకుండానే స్వాధీనం చేసుకునే వీలు బ్యాంకులకిచ్చే 2002 నాటి సర్ఫేసీ చట్టం 13(2) సెక్షన్ కింద 60 రోజుల గడువుతో నోటీసు పంపుతుంది. రిజిస్టర్డ్ కవరు చేతికి రాగానే అది అందిన తేదీని కవరు మీదే రాసి దాచుకోండి. గడువులన్నీ తేదీల చుట్టూనే తిరుగుతాయి.

లెక్క తప్పుగా తోస్తే వెంటనే రాతపూర్వకంగా అభ్యంతరం తెలపండి. దానికి బ్యాంకు 15 రోజుల్లో జవాబివ్వాలి. ఫోనులో మేనేజరుగారు ఎంత మర్యాదగా మాట్లాడినా దానికి రుజువుండదు కనుక ప్రతి మాటా కాగితం మీదే ఉండాలి.

గడువు తీరితే బ్యాంకు స్వాధీన నోటీసును ఇంటి గోడకు అంటించి, రెండు పత్రికల్లో ప్రకటిస్తుంది. వాటిలో ఒకటి స్థానిక భాషది, అంటే ఇక్కడ తమిళం. పెరంబూరులో మూడు తరాలుగా ఉన్నా తమిళం చదవడం రాని మన పెద్దలు గమనించవలసింది దీన్నే.

ఆ చర్యపై సివిల్ కోర్టుకు వెళ్లి ప్రయోజనం లేదు, 34వ సెక్షన్ అడ్డుపడుతుంది. 45 రోజుల్లోగా 17వ సెక్షన్ కింద చెన్నైలోని రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌లో దరఖాస్తు వేయాలి. దరఖాస్తు వేసినంత మాత్రాన వేలం ఆగదు. స్టే విడిగా కోరాలి. అక్కడ ఓడితే అప్పీలుకు బకాయిలో సగం, అప్పీలు ట్రిబ్యునల్ తగ్గించినా కనీసం పాతిక శాతం, ముందుగా జమచేయాలి.

బాకీ మొత్తం కట్టి ఇల్లు విడిపించుకోదలిస్తే, వేలం ప్రకటన వెలువడకముందే కట్టేయండి.