ముసురు పట్టకముందే త్రీడీ ప్రింటర్‌కు చేయాల్సినవి

జూన్‌లో నైరుతి రుతుపవనాలు దిగాక మన దగ్గర త్రీడీ ప్రింటర్లు మొరాయించడం మొదలుపెడతాయి. వేసవిలో నున్నగా వచ్చిన డిజైనే, అవే సెట్టింగులతో, ఆగస్టులో బూజు పట్టినట్టు దారాలు వేలాడుతూ వస్తుంది. చాలామంది వెంటనే కరిగిన ప్లాస్టిక్ బయటికొచ్చే మూతి (నాజిల్) మార్చేస్తారు, దారాలు వేలాడకుండా ప్లాస్టిక్‌ను వెనక్కి లాగే సెట్టింగు (రిట్రాక్షన్) పెంచుతారు, బెల్టులు బిగిస్తారు. ఎక్కువసార్లు తప్పు మిషన్‌ది కాదు, ఫిలమెంట్ (ప్రింటర్ కరిగించి వాడే ప్లాస్టిక్ తీగ) పీల్చుకున్న చెమ్మది. విశాఖ, కాకినాడ, నెల్లూరు లాంటి తీరప్రాంతాల్లో ఉన్నవాళ్లయితే నవంబరు వానలు వెళ్లేదాకా ఈ జాగ్రత్తలు వదలకూడదు.

చెమ్మ చేరిందో లేదో తెలుసుకోవడం తేలికే. నాజిల్‌ను మామూలు వేడికి తెచ్చి, వస్తువు తయారయ్యే పలకకు (బెడ్) పైన గాలిలోనే పది సెంటీమీటర్ల ఫిలమెంట్ తోసి చూడండి. ఆరినదైతే మెరుస్తూ నున్నటి దారంలా దిగుతుంది. చెమ్మగిల్లినదైతే పోపులో ఆవాలు చిటపటలాడినట్టు సన్నగా శబ్దం వస్తుంది, దారంలో బుడగలు కనిపిస్తాయి, ఒక్కోసారి పల్చగా ఆవిరి కూడా లేస్తుంది. కంటికి కనపడని నష్టం ఇంకా పెద్దది. 200 డిగ్రీల వేడిలో ఆ నీరు ప్లాస్టిక్ అణువుల గొలుసులను తెంపుతుంది. అలా వచ్చిన బ్రాకెట్ చూడ్డానికి బాగానే ఉన్నా, బరువు పడగానే పొరల దగ్గర విడిపోతుంది. ప్రింట్ అయ్యాక దాన్ని ఎంత ఆరబెట్టినా పోయిన బలం తిరిగి రాదు. అందుకే ఆరబెట్టడం ప్రింటింగ్‌కు ముందే జరగాలి.

ఫిలమెంట్ ఏ రకం ప్లాస్టిక్‌దో దాన్నిబట్టి ఆరబెట్టే వేడి మారుతుంది. పీఎల్ఏను 45 నుంచి 50 డిగ్రీల దగ్గర ఆరు గంటలు ఆరబెట్టాలి. పెట్‌జీకి 65 డిగ్రీలు, ఆరు గంటలు. టీపీయూకు 50 నుంచి 55 డిగ్రీలు. నైలాన్ మొండిది, 70 నుంచి 80 డిగ్రీల దగ్గర కనీసం పన్నెండు గంటలు తీసుకుంటుంది. గంటలు లెక్కపెట్టడం కన్నా తూకం నమ్మదగింది. ఒక గ్రాము తేడా చూపే వంటింటి కాటా మీద స్పూల్‌ను (ఫిలమెంట్ చుట్టిన చక్రం) ముందు తూచండి, మూడు గంటలకోసారి మళ్లీ తూచండి. బరువు తగ్గడం ఆగిందంటే ఆరినట్టే. కిలో పీఎల్ఏ స్పూల్‌లో తగ్గేది కొద్ది గ్రాములే, కానీ ఆ కొద్ది గ్రాములే ప్రింట్‌ను పాడుచేస్తాయి.

ఫిలమెంట్ ఆరబెట్టే డ్రయ్యర్ లేకపోతే ప్రింటర్ బెడ్ చాలు. పీఎల్ఏ అయితే బెడ్‌ను 50 దగ్గర పెట్టి, స్పూల్‌ను దాని మీద పడుకోబెట్టి, పైన అట్టపెట్టె బోర్లించండి. ఆవిరి పోవడానికి పైభాగంలో రెండు మూడు చిల్లులు పెట్టి, మూడు గంటలకు స్పూల్‌ను తిరగేయండి. అట్టపెట్టె ఉన్నంతసేపూ పక్కనే మనిషి ఉండాలి. వంటింటి ఓవెన్ జోలికి మాత్రం పోకండి. మీట 50 దగ్గర ఉన్నా లోపలి వేడి చాలా పైకి ఎగబాకి దిగుతుంటుంది. పీఎల్ఏ 60 దగ్గరే మెత్తబడుతుంది కాబట్టి చుట్టలన్నీ అతుక్కుని ముద్దవుతాయి. ఇక మైక్రోవేవ్ మాటే వద్దు.

ఆరినదాన్ని బయట వదిలేస్తే మళ్లీ మొదటికే వస్తుంది. మూతకు రబ్బరు రింగు ఉన్న పెద్ద ప్లాస్టిక్ డబ్బాలో నాలుగు స్పూళ్లకు పావుకిలో సిలికా జెల్ వేసి, గాలిలో తేమ చూపే చిన్న హైగ్రోమీటర్ పెట్టండి. అది 20 శాతం లోపు చూపించాలి. 30 దాటితే జెల్‌ను ఇనుప ట్రేలో పరిచి 110 డిగ్రీల దగ్గర రెండు మూడు గంటలు వేడిచేస్తే మళ్లీ పనికొస్తుంది. ఆ ట్రేను వంటకు వాడొద్దు. నారింజ రంగు జెల్ కొనండి, నీలం రంగుదానిలో ఉండే కోబాల్ట్ ఒంటికి మంచిది కాదు. సిలికా జెల్ బదులు బియ్యం పోస్తే పని జరగదు, పైగా పిండి, దుమ్ము నాజిల్‌లోకి చేరతాయి.

మిషన్ విషయానికొస్తే, ఉక్కు రాడ్లను పొడిగుడ్డతో తుడిచి, రెండు చుక్కల కుట్టుమిషన్ నూనె రాయండి. లేకపోతే వారంలో తుప్పు చుక్కలు వస్తాయి. పవర్ సప్లై డబ్బా జాలీ దగ్గర బల్లులు, పురుగులు దూరకుండా చూడండి. వెచ్చగా ఉంటుందని బల్లి లోపలికి చేరుతుంది, అడ్డంగా పడితే షార్టే. గాలి ఆడే దారి మూసేయకుండా సన్నటి నైలాన్ దోమతెర వేయండి. ప్లగ్ తీసి, బెడ్ తీగలు బిగించిన స్క్రూలను ఒకసారి చూడండి. వదులుగా ఉన్న తీగ వేడెక్కి కనెక్టర్ గోధుమరంగుకు మారుతుంది. ఆ రంగు కనిపిస్తే బిగించి వదిలేయకండి, కనెక్టర్‌నే మార్చాలి.

ఉరుములు వినిపించగానే ప్రింట్ ఆపి ప్లగ్ పీకేయండి, స్విచ్ ఆపితే సరిపోదు. ల్యాన్, యూఎస్‌బీ తీగలు కూడా తీసేయాలి, పిడుగు తాకిడి వాటిలోనూ వస్తుంది. కరెంటు పోయి వచ్చే రోజుల్లో ఇంటి ఇన్వర్టర్ మీద నడిపేవాళ్లు దాన్ని యూపీఎస్ మోడ్‌లో పెట్టాలి, లేదంటే మారే ఆ క్షణంలోనే బోర్డు రీసెట్ అవుతుంది. కరెంటు వచ్చాక ఆగినచోటి నుంచే కొనసాగించే రెజ్యూమ్ మిషన్‌లో ఉంది కదా అని ధీమా వద్దు. బెడ్ చల్లారగానే పీఎల్ఏ వస్తువు దానంతటదే ఊడిపోవచ్చు, మళ్లీ మొదలైన చోట గీత మిగిలి అక్కడే విరుగుతుంది. ఎనిమిది గంటల పనిని రెండు ముక్కలుగా ప్రింట్ చేసి అతికించడమే మేలు.

జల్లు కొడుతోందని కిటికీలన్నీ బిగించి ఏబీఎస్ రకం ప్లాస్టిక్‌తో ప్రింట్ చేయొద్దు. దాని పొగలో స్టైరీన్ అనే హానికర రసాయనం ఉంటుంది, పడకగదిలో అసలు పనికిరాదు.

కప్పు కారి మిషన్ మీద నీళ్లు పడితే తడిచేత్తో ముట్టుకోకండి. ముందు మెయిన్ ఆపి, తర్వాత ప్లగ్ తీయండి. మూత విప్పి ఫ్యాను గాలికి రెండు రోజులు ఆరనివ్వండి, బోర్డును ఐసోప్రొపైల్ ఆల్కహాల్, బ్రష్‌తో కడగండి. పవర్ సప్లైలోకి నీరు వెళ్లిందనిపిస్తే దాన్ని ఆరబెట్టి వాడొద్దు, కొత్తది వేయించండి.